‘మిస్’ అంటే మీరు మోసం చేశారని కాదు: స్నూకర్ మాటలపై అపోహలు - వాస్తవాలు

బెంగళూరులో స్నూకర్ నేర్పుతాను, చిన్న టోర్నమెంట్లకు రెఫరీగా నిలబడతాను. నన్ను జనం ఎక్కువగా అడిగేది షాట్ల గురించి కాదు, మాటల గురించి. మారతహళ్ళి, బీటీఎం, బెళ్ళందూరు వైపు పార్లర్లలో రాత్రి ఎనిమిది దాటితే సగం టేబుళ్ళ దగ్గర తెలుగే వినిపిస్తుంది. అనంతపురం, కర్నూలు, నెల్లూరు నుంచి ఉద్యోగాలకొచ్చిన పిల్లలు. చేయి బాగానే తిరుగుతుంది. రూల్స్ మాత్రం రూమ్మేట్ చెప్పినవి కొన్ని, ఫోన్లో ఆడే 8 బాల్ పూల్‌లో చూసినవి కొన్ని, వీడియోల్లో విన్నవి కొన్ని. టేబుల్ డబ్బులు ఓడినవాళ్ళు కట్టే ఫ్రెండ్లీ గేముల్లో ఇది ఎలాగో నడిచిపోతుంది. ఎంట్రీ ఫీజు కట్టి రెఫరీ ముందు నిలబడిన రోజున అసలు కష్టం మొదలవుతుంది.

చాలా అపోహలు ఉన్నాయి కానీ ఒక్కదాని గురించే ఎక్కువ రాస్తాను. నేను చూసినంతలో గెలవాల్సిన ఫ్రేములు (ఒక్కో ఆటను ఫ్రేమ్ అంటాం) చేజారేది దానివల్లే.

అపోహ: ‘ఫౌల్ అండ్ ఎ మిస్’ అని రెఫరీ అన్నాడంటే నేను కావాలని తప్పించానని అన్నట్టే

కాదు. వైట్, అంటే క్యూతో కొట్టే తెల్ల బాల్, ఆ వంతులో ఆడాల్సిన బాల్‌ను (రెడ్ కానీ వేరే కలర్ కానీ) ముందుగా తాకకపోతే అది ఫౌల్. అది అందరికీ తెలుసు. దాని పక్కన ‘మిస్’ అని చేర్చడమంటే, ఆ బాల్‌ను తాకడానికి మీరు చేసిన ప్రయత్నం మీ స్థాయికి, ఆ పొజిషన్‌కి సరిపోలేదని రెఫరీ అనుకున్నాడని మాత్రమే అర్థం. మీ నిజాయితీ మీద తీర్పు కాదది. ప్రపంచ ఛాంపియన్లకు కూడా ఆ మాట వినపడుతుంది. వాళ్ళు తల ఊపి మళ్ళీ టేబుల్ దగ్గరికి వస్తారు. మన పిల్లలకేమో మొహం ఎర్రబడిపోతుంది, చేయి వణుకుతుంది. ఒకబ్బాయి ఆట మధ్యలో నా దగ్గరికొచ్చి "అన్నా, నేనేమన్నా కావాలని తప్పించినానా? అందరి ముందర అట్లంటారేంది?" అన్నాడు. కళ్ళలో నీళ్ళు తిరుగుతున్నాయి. ఆ టెన్షన్‌లో తర్వాతి షాట్ ఎలా ఆడతాడు?

మిస్ పిలిస్తే పెనాల్టీ పాయింట్లతో పాటు ఎదుటివాడికి ఇంకో అవకాశం కూడా దక్కుతుంది. బాల్స్ ఆగిన చోటి నుంచి తనే ఆడొచ్చు. అక్కడి నుంచే మిమ్మల్ని ఆడమనొచ్చు. లేదా బాల్స్ అన్నీ మొదట ఉన్న చోట పెట్టించి మళ్ళీ మీతోనే ఆడించొచ్చు. పార్లర్లలో ఈ మూడో సంగతి దాదాపు ఎవరూ పాటించరు. "నాలుగు రాసుకో, నువ్వాడు" అనుకుని ముందుకెళ్ళిపోతారు. అక్కడే తప్పు అలవాటు పడుతుంది.

దీనికంటే ఎక్కువ నష్టం చేసే నిబంధన ఇంకొకటి ఉంది. ఆడాల్సిన బాల్ మీకు నిండుగా కనిపిస్తోంది, అంటే దాని నడిబొడ్డున తగిలేలా వైట్‌ను నేరుగా పంపడానికి అడ్డేమీ లేదనుకోండి. అలాంటప్పుడు తాకలేకపోతే మిస్. బాల్స్ తిరిగి పెట్టాక అదే చోటి నుంచి రెండోసారీ తాకలేకపోతే మళ్ళీ మిస్. మళ్ళీ అక్కడి నుంచే ఆడమంటే రెఫరీ హెచ్చరిస్తాడు. మూడోసారీ తప్పితే ఫ్రేమ్ ఎదుటివాడిదే. మీరు ఎన్ని పాయింట్ల ముందున్నా సరే.

పైన చెప్పిన అబ్బాయికి జరిగింది ఇదే. ఐటీ కంపెనీల మధ్య పెట్టిన టోర్నమెంట్. ముప్పై పాయింట్ల పైచిలుకు ముందున్నాడు. వైట్ బాక్‌లో (టేబుల్ ఒక చివర గీత వెనక భాగంలో) ఉంది, రెడ్లన్నీ బ్లాక్ వైపు గుంపుగా ఉన్నాయి, ఒక రెడ్ మాత్రం పక్కగా నిండుగా కనిపిస్తోంది. దాని అంచును సన్నగా తాకించి వైట్‌ను తిరిగి బాక్‌లోకి తెచ్చుకోవాలని చూశాడు. సేఫ్టీగా, అంటే ఎదుటివాడికి సులువైన షాట్ వదలకుండా ఆడే షాట్‌గా, సరైన ఆలోచనే. వెంట్రుకవాసిలో తప్పింది. ఫౌల్ అండ్ ఎ మిస్, నాలుగు. ఎదుటివాడు బాల్స్ వెనక్కి పెట్టించాడు. రెఫరీ తెల్ల గ్లౌజుతో వైట్‌ను పట్టుకుని, వంగి చూసి, గోరంత జరిపి, ఇద్దర్నీ "సరేనా?" అని అడిగాడు. మనవాడు అటు చూడనే లేదు, క్యూకి చాక్ రుద్దుకుంటూ తల ఊపేశాడు. మళ్ళీ అదే సన్నపు దెబ్బ, మళ్ళీ తప్పింది. రెఫరీ హెచ్చరించాడు. మూడోసారీ అదే షాట్ ఆడాడు. ఫ్రేమ్ పోయింది.

హెచ్చరిక విన్న తర్వాత ఆడాల్సిన షాట్ ఒక్కటే: ఏదో ఒక రెడ్‌ను లావుగా కొట్టండి. గుంపు విడిపోతుంది, ఎదుటివాడికి ఒక పాట్ (బాల్‌ను పాకెట్‌లో వేసే అవకాశం) దొరుకుతుంది, మహా అయితే ఇరవయ్యో ముప్పయ్యో చేస్తాడు. చేయనివ్వండి. ఫ్రేమ్ ఇంకా బతికే ఉంటుంది. దీన్ని పిల్లలకు నేను పదేపదే చెప్తాను, అయినా సగంమంది పరువు కోసం ఆ సన్నపు దెబ్బే మళ్ళీ ప్రయత్నిస్తారు. రెండుసార్లు తప్పిన షాట్ మూడోసారి ఒత్తిడిలో తగులుతుందనుకోవడానికి ఏ కారణమూ లేదు.

బాల్స్ తిరిగి పెట్టేటప్పుడు మీరు కూడా చూడండి. వైట్ కాస్త జరిగినట్టు అనిపిస్తే చెప్పే హక్కు మీకుంది. చివరి నిర్ణయం రెఫరీదే, కానీ ఆయన అడిగేది మర్యాద కోసం కాదు.

ఇక స్నూకర్‌లో ఇరుక్కున్నప్పుడు, అంటే బాల్ నిండుగా కనిపించనప్పుడు, ఈ మూడుసార్ల లెక్క లేదు. కానీ మిస్‌లు ఎన్నైనా పిలవొచ్చు, నాలుగు నాలుగుగా పాయింట్లు కారిపోతూనే ఉంటాయి. ఇక్కడ ఎక్కువమంది చేసే పొరపాటు బలం విషయంలో. తగిలితే బాల్ విడిపోతుందేమోనని మెల్లగా తోస్తారు, వైట్ మధ్యలోనే ఆగిపోతుంది. ఆడాల్సిన బాల్ దాకా చేరేంత బలం కూడా లేని దెబ్బను ఏ రెఫరీ అయినా మిస్ అనే అంటాడు. ముందు చేరనివ్వండి, తర్వాత తగలడం సంగతి. రెండు కుషన్లకు (టేబుల్ అంచులకు) కొట్టి వెళ్ళే దారి సులువుగా ఉండి, ఒక కుషన్ దారి సేఫ్‌గా ఉంటే, రెండు మూడు మిస్‌ల తర్వాతైనా సులువైన దారికి మారండి.

స్కోరు తేడా టేబుల్ మీద మిగిలిన పాయింట్లను దాటి, ఒకరికి పెనాల్టీలు లేకుండా గెలిచే దారి లేని స్థితి వస్తే మామూలుగా మిస్ పిలవరు. "అప్పుడు వాడికి పిలవలేదు, నాకే పిలిచారు" అని గొడవపడేవాళ్ళలో ఎక్కువమంది స్కోర్‌బోర్డు చూడనివాళ్ళే. రెఫరీ పక్షపాతం అంటూ వాట్సాప్‌లో మెసేజ్ పెట్టే ముందు ఒకసారి బోర్డు చూస్తే చాలు.

అపోహ: ఫౌల్ అయితే ఫ్రీ బాల్

ఇది కూడా పార్లర్ రూలే. ఫ్రీ బాల్ అంటే ఆడాల్సిన బాల్‌కి బదులు వేరే బాల్‌ను చెప్పి ఆడే అవకాశం. ప్రతి ఫౌల్‌కీ ఫ్రీ బాల్ రాదు. ఎదుటివాడి ఫౌల్ తర్వాత మీరు స్నూకర్ అయి ఉంటేనే వస్తుంది. స్నూకర్ అంటే బాల్ పూర్తిగా దాగిపోవాలనీ లేదు. ఆడాల్సిన ఏ బాల్‌కైనా రెండు అంచులూ నేరుగా అందుతున్నాయా లేదా అన్నదే లెక్క. ఒక్క అంచు కలర్ వెనక ఉన్నా ఆ బాల్ అందనట్టే. అందుకే "సగం కనిపిస్తోంది కదన్నా, ఫ్రీ బాల్ ఎట్లా ఇస్తారు?" అన్న వాదన చెల్లదు. అయితే అన్ని రెడ్ల పరిస్థితీ అలాగే ఉండాలి. ఒక్క రెడ్ రెండు అంచులతో అందినా ఫ్రీ బాల్ లేదు. రెడ్‌కి ఇంకో రెడ్ అడ్డు రావడం అడ్డు కాదు. పాకెట్ దగ్గర కుషన్ మూల అడ్డొస్తే అదీ లెక్కలోకి రాదు.

ఫ్రీ బాల్‌గా బ్లాక్ చెప్పి వేస్తే ఏడు వస్తాయని సంబరపడేవాళ్ళను చూస్తే జాలేస్తుంది. రెడ్లు ఆడాల్సిన సమయంలో అది రెడ్ కిందే లెక్క, ఒక్క పాయింటే. బ్లాక్ మళ్ళీ స్పాట్ మీదకొస్తుంది, తర్వాత మీకు నచ్చిన కలర్. ఇంకొకటి: మీరు చెప్పిన ఆ ఫ్రీ బాల్ వెనకే ఎదుటివాడిని స్నూకర్ చేసి కూర్చుంటే అది మీ ఫౌల్. టేబుల్ మీద పింక్, బ్లాక్ మాత్రమే మిగిలినప్పుడే దీనికి మినహాయింపు.

అపోహ: టచింగ్ బాల్ అంటే దాన్నే కొట్టాలి

వద్దు, కొట్టకండి. వైట్ ఆడాల్సిన రెడ్‌కి ఆనుకుని ఉంటే రెఫరీ ‘టచింగ్ బాల్’ అంటాడు. మీరు ఆ రెడ్ కదలకుండా వైట్‌ను పక్కకు ఆడాలి. అంతే, రెడ్‌ను తాకినట్టే లెక్క. ఇంకే బాల్‌నీ తాకనక్కర్లేదు. ఇది మీకు దొరికిన వరం, హాయిగా సేఫ్టీ ఆడుకోండి. ఆనుకున్నది ఆడాల్సింది కాని బాల్ అయితే మాత్రం దాన్ని కదపకుండా వెళ్ళి అసలు బాల్‌ను తాకాలి.

మిగతావి గబగబా చెప్పేస్తాను.

వైట్ పాకెట్‌లో పడితే ఎదుటివాడు ఎక్కడైనా పెట్టుకోవచ్చు అనేది ఫోన్ గేమ్ నేర్పిన మాట. 9 బాల్ పూల్‌లో నిజమే, స్నూకర్‌లో డీ (బాక్ గీత దగ్గర D ఆకారంలో గీసిన చోటు) లోపలే పెట్టాలి. ఇక్కడే పాత క్లబ్బుల్లో పెద్దవాళ్ళు మూడు బాల్స్‌తో ఇంగ్లిష్ బిలియర్డ్స్ ఆడుతుంటే చూసి మనవాళ్ళు తికమకపడతారు. ఎందుకంటే అక్కడ వైట్‌ను ఇంకో బాల్‌కి తగిలించి పాకెట్‌లో వేస్తే పాయింట్లు వస్తాయి: రెడ్ మీద నుంచి అయితే మూడు, ఎదుటివాడి బాల్ మీద నుంచి అయితే రెండు. అదే ఇన్-ఆఫ్ స్నూకర్‌లో కనీసం నాలుగు పాయింట్ల ఫౌల్. రెండూ వేర్వేరు ఆటలు. టేబుల్ ఒకటే కాబట్టి రూల్స్ కూడా ఒకటే అనుకోకండి.

తుక్కాగా, అంటే అనుకోకుండా, పడిన బాల్ చెల్లదు అనేది తప్పు. స్నూకర్‌లో ఏ పాకెట్‌లో వేస్తారో చెప్పాల్సిన పని లేదు, పడితే పడినట్టే. చెయ్యెత్తి సారీ చెప్పడం మర్యాద, రూలు కాదు.

సైడ్ వేయనివాడికి (వైట్‌ను పక్కన కొట్టి తిప్పనివాడికి) ఆట రాదు అనేది వీడియోలు చూసి పట్టుకున్న జబ్బు. అమెరికన్ వీడియోల్లో ఇంగ్లిష్ అంటారు, మన దగ్గర సైడ్ అంటాం. పక్కన కొడితే వైట్ మీరు గురిపెట్టిన గీత నుంచి కాస్త తప్పుకుంటుంది. పన్నెండు అడుగుల టేబుల్ మీద ఆ కాస్త చాలు పాట్ తప్పడానికి. మొదటి ఏడాది మధ్యలో, పైన, కింద కొట్టడం నేర్చుకోండి. సైడ్ అసలు పనిచేసేది వైట్ కుషన్‌కి తగిలాకే.

ఒకే వంతులో వరసగా చేసే స్కోరు 147 దాటదు అనేదీ నిజం కాదు. ఫ్రేమ్ మొదట్లోనే ఫ్రీ బాల్ దొరికితే లెక్క ప్రకారం 155 దాకా వెళ్ళొచ్చు. 2004లో జేమీ బర్నెట్ ప్రొఫెషనల్ మ్యాచ్‌లో 148 చేశాడు. అయినా 147 చిన్న విషయమేమీ కాదు. 1989 జాతీయ పోటీల్లో మన దేశపు ఆటగాడు గీత్ సేఠీ చేసినప్పటి సంగతిని పాత మార్కర్లు (పార్లర్లో స్కోరు చూసేవాళ్ళు) ఇప్పటికీ పూస గుచ్చినట్టు చెప్తారు.

ఇక ఊరి నుంచి వచ్చే తల్లిదండ్రుల భయం. మదనపల్లె నుంచి ఒక పెద్దాయన కొడుకును చూడటానికొచ్చి, పార్లర్ మెట్ల దగ్గరే ఆగిపోయారు. "సార్, ఇది జూదం కాదు గదా?" అని మెల్లగా అడిగారు. ఆయన్ని లోపలికి తీసుకొచ్చి కూర్చోబెట్టి టీ ఇప్పించాను, ఒక ఫ్రేమ్ మొత్తం చూపించాను. ఇదే ఊళ్ళో పెరిగి, ఇక్కడే కోచ్ అరవింద్ సవూర్ దగ్గర నేర్చుకున్న ప్రపంచ ఛాంపియన్ పంకజ్ అద్వానీకి 2018లో పద్మభూషణ్ వచ్చిందని చెప్పాను. ఉద్యోగం చేసుకుంటూనే ఆడిన ఉమాదేవి 2012లో మహిళల ప్రపంచ బిలియర్డ్స్ టైటిల్ గెలిచారనీ చెప్పాను. 1998 బ్యాంకాక్ ఆసియా క్రీడల్లో బిలియర్డ్స్ మన దేశానికి స్వర్ణం తెచ్చింది. పందాలు కాసేవాళ్ళు లేరని నేను అనను. అలాంటి టేబుల్ దగ్గరికి మీ పిల్లలు వెళ్ళకుండా చూసుకోండి, మార్కర్ ఎవరో తెలుసుకోండి. ఆటను మాత్రం తప్పుపట్టకండి. ఆ పెద్దాయన వెళ్ళేటప్పుడు "ఆ నల్లదానికి ఏడు గదా సార్?" అని ఖాయం చేసుకుని మరీ వెళ్ళారు.

టోర్నమెంట్‌కి పేరిచ్చేవాళ్ళకు ఒక మాట. కొన్ని కంపెనీ పోటీల్లో, చిన్న పార్లర్ పోటీల్లో మిస్ రూల్ పూర్తిగా పెట్టరు. కొన్నిచోట్ల బాల్స్ వెనక్కి పెట్టడం ఉంటుంది కానీ మూడోసారికి ఫ్రేమ్ ఇవ్వరు. కొన్నిచోట్ల చొక్కా తగిలి వేరే బాల్ కదిలినా పట్టించుకోరు, వైట్‌ను తాకితేనే ఫౌల్ అంటారు. అసోసియేషన్ పోటీల్లో ఇవేవీ కుదరవు, ఏ బాల్‌ను తాకినా ఫౌలే. టాస్ వేయకముందే ఈ మూడూ రెఫరీని అడిగేయండి. అడిగినందుకు ఎవరూ చిన్నచూపు చూడరు. నేను రెఫరీగా ఉన్నచోటైతే ఎదుటివాడిని కూడా పిలిచి ఇద్దరికీ కలిపే చెప్తాను.