మార్కెట్ స్ట్రీట్ చిత్రం: అపోహలు - వాస్తవాలు

పాత రీళ్లను ఎడిటింగ్ టేబుల్ మీద ఒక్కో ఫ్రేమూ జరుపుతూ పరిశీలించడం నా వృత్తి. రోడ్ల మీది తొలి డాక్యుమెంటరీ చిత్రాల ప్రస్తావన వస్తే నేను ముందుగా చూపించేది, 1906లో మైల్స్ సోదరులు శాన్ ఫ్రాన్సిస్కోలో తీసిన సుమారు 13 నిమిషాల మార్కెట్ స్ట్రీట్ చిత్రాన్నే. కేబుల్ కారు (నేల కింది తీగ లాగుతుంటే పట్టాల మీద నడిచే బండి) ముందు భాగాన కెమెరా పెట్టి, వీధి చివరనున్న పడవల రేవు భవనం ఫెర్రీ బిల్డింగు దాకా ఆ వీధిని చిత్రించారు.

అపోహ: అప్పటికే ఆ వీధి మోటారు కార్లతో కిక్కిరిసి ఉండేది.

వాస్తవం: చిత్రంలో కార్లు చాలానే కనిపిస్తాయి కానీ, నెంబర్లనూ నడిపేవారినీ గమనిస్తూ చూస్తే, కెమెరా ముందు నుంచి సాగిపోయిన కారే చుట్టు తిరిగి వచ్చి మళ్లీ మళ్లీ ఎదురవుతోందని తెలుస్తుంది. రద్దీ ఎక్కువగా కనిపించాలని చేసిన ఏర్పాటు ఇది అనడంలో నాకు సందేహం లేదు. అంతమాత్రాన చిత్రమంతా బూటకమని కొట్టిపారేయకూడదు. గుర్రపు బళ్లు, సైకిళ్లు, పట్టాలకు అడ్డంగా నింపాదిగా నడిచిపోయే మనుషులు ఆ వీధి అసలు నడకను మనకు చూపిస్తూనే ఉన్నారు.

అపోహ: ఇది 1905 సెప్టెంబరులో తీసినది.

వాస్తవం: చాలాకాలం అందరూ అలాగే నమ్మారు. సెప్టెంబరులో అక్కడ వానలు అరుదు కాబట్టి, చలనచిత్ర చరిత్రకారుడు డేవిడ్ కీన్‌కు రోడ్డు మీద నిలిచిన వాన నీరు అనుమానం కలిగించింది. ఆనాటి పత్రికల్లోని వాతావరణ వివరాలను, ఒక కారు రిజిస్ట్రేషన్ నమోదైన కాలాన్ని సరిచూసి, చిత్రీకరణ 1906 వసంతంలో, ఏప్రిల్ 18న ఆ నగరాన్ని కూల్చిన భూకంపానికి కొద్ది రోజుల ముందే జరిగిందని ఆయన తేల్చారు. నీటి గుంట ఒకటి తేదీని సరిదిద్దిన ఈ సంగతి నాకు ఎన్నిసార్లు చెప్పినా తనివి తీరదు.

అపోహ: ఆనాటి మనుషులు గబగబా, తడబడుతూ నడిచేవారు.

వాస్తవం: చేత్తో తిప్పే కెమెరాలు సెకనుకు రమారమి 16 ఫ్రేములు తీసేవి. వాటినే 24 చొప్పున ప్రదర్శిస్తే నడక ఒకటిన్నర రెట్లు వేగంగా కనిపిస్తుంది.

అపోహ: ఇంటర్నెట్‌లో రంగులతో, శబ్దాలతో ఉన్న కాపీయే అసలు చిత్రం.

వాస్తవం: అసలు రీలు నలుపు తెలుపులది, మూకీ. హారన్ల మోత, గుర్రపు డెక్కల చప్పుడు, కోట్ల రంగులు అన్నీ ఈ కాలపువారు చేర్చినవే.

అపోహ: భూకంపం తర్వాత రీలు శిథిలాల్లో దొరికింది.

వాస్తవం: నగరం కూలకముందే అది న్యూయార్క్‌కు రైలెక్కింది. మైల్స్ సోదరుల స్టూడియో మాత్రం ధ్వంసమైంది. మార్కెట్ స్ట్రీట్ కేబుల్ కార్ల స్థానంలోకి ఆ తర్వాత విద్యుత్ ట్రాములు వచ్చాయి.