366 పరుగుల వెనుక ఎం.వి. శ్రీధర్

2024 జనవరిలో హైదరాబాద్ ఓపెనర్ తన్మయ్ అగర్వాల్ రంజీ ట్రోఫీలో బలహీన జట్లు ఆడే ప్లేట్ విభాగంలో అరుణాచల్ ప్రదేశ్‌పై 181 బంతుల్లోనే 366 పరుగులు చేసినప్పుడు, ఆటగాడిగా చాలామంది మరచిపోయిన హైదరాబాద్ మాజీ బ్యాటర్ ఎం.వి. శ్రీధర్ పేరు మళ్లీ వినిపించింది. 1993-94 సీజన్‌లో సికింద్రాబాద్ జింఖానా మైదానంలో ఆంధ్రపై ఆయన చేసినవీ సరిగ్గా 366 పరుగులే.

ఆ ఇన్నింగ్స్‌ను ఒక్క అంకెతో చెప్పి వదిలేయడం న్యాయం కాదు. ఆయన క్రీజులోకి వచ్చేసరికి జట్టు స్కోరు 30, వెనుదిరిగేసరికి 880. అంటే ఒక్క బ్యాటర్ నిలబడి ఉండగా జట్టు 850 పరుగులు జోడించింది. వివేక్ జయసింహ, నోయెల్ డేవిడ్ కూడా డబుల్ సెంచరీలు చేయడంతో హైదరాబాద్ 6 వికెట్లకు 944 పరుగుల వద్ద డిక్లేర్ చేసింది. రంజీ చరిత్రలో అంతకు మించిన జట్టు స్కోరు లేదు. అప్పటికి వ్యక్తిగత స్కోర్లలో ఆయన కంటే ముందున్నవారు 443 పరుగులతో అజేయంగా నిలిచిన బి.బి. నింబాల్కర్, 377 చేసిన సంజయ్ మంజ్రేకర్ మాత్రమే.

అయినా ఆ పరుగులకు దక్కాల్సినంత విలువ దక్కలేదనే నా అభిప్రాయం. ఆంధ్ర బౌలింగ్ బలహీనమైనది కాబట్టి పరుగులు సులువుగా వచ్చాయన్న మాట తేలిగ్గా అనేయవచ్చు. అయితే ప్రత్యర్థిని ఎంచుకునేది ఆటగాడు కాదు. రాష్ట్రం ఒక్కటే అయినా హైదరాబాద్, ఆంధ్ర వేర్వేరు జట్లుగా ఆడేవి. ఒకే ప్రాంతపు జట్లు ముందు తమలో తాము ఆడే ఆనాటి మండలాల (జోన్ల) పద్ధతిలో రెండూ దక్షిణ మండలంలోనే ఉండేవి కాబట్టి బలాబలాలతో నిమిత్తం లేకుండా తలపడక తప్పేది కాదు. జట్లను బలాన్ని బట్టి ఎలైట్, ప్లేట్ విభాగాలుగా విడదీసింది 2002-03లో, శ్రీధర్ ఆట ముగించాక. పైగా అదే మండలంలో కర్ణాటక, తమిళనాడు కూడా ఉండేవి. 97 ఫస్ట్‌క్లాస్ మ్యాచ్‌లలో 48.91 సగటుతో 6,701 పరుగులు, 21 సెంచరీలు చేసిన బ్యాటర్‌ను ఒక్క మ్యాచ్‌తో కొలవడం ఎలా కుదురుతుంది?

1966లో విజయవాడలో పుట్టిన శ్రీధర్ వైద్య విద్య చదివి డాక్టరయ్యారు. 1988-89లో మొదలై 1999-2000 వరకు సాగిన ఆయన ఆటకాలంలో భారత మిడిలార్డర్‌లో అజారుద్దీన్, టెండూల్కర్ పాతుకుపోయి ఉన్నారు. 1996లో గంగూలీ, ద్రవిడ్, ఆ ఏడాదే హైదరాబాద్ నుంచే లక్ష్మణ్ వచ్చి చేరారు. అప్పటికి ముప్పై ఏళ్లు నిండిన శ్రీధర్‌కు దారి ఇంకా ఇరుకైంది. ఒక్క టెస్టు గానీ, వన్డే గానీ ఆయన ఆడలేదు.

ఆ తర్వాత హైదరాబాద్ క్రికెట్ సంఘం కార్యదర్శిగా, బీసీసీఐ క్రికెట్ కార్యకలాపాల జనరల్ మేనేజర్‌గా పనిచేసి, 2017 అక్టోబరు 30న 51 ఏళ్ల వయసులో గుండెపోటుతో కన్నుమూశారు. తన్మయ్ ఆయన స్కోరును అందుకోగలిగాడు గానీ దాటలేకపోయాడు.