కంచె గొడవ మూలం 1989లో ఉంది

తిరుమల మెట్లదారిలో చిరుత కనబడిందంటే దారికి కంచె వేయాలన్న మాట మళ్లీ లేస్తుంది. 2023 ఆగస్టులో అలిపిరి నడకదారిలో ఆరేళ్ల పాపను చిరుత చంపినప్పుడూ ఇదే జరిగింది. భక్తులకు కర్రలిచ్చారు, మధ్యాహ్నం రెండు దాటితే పదిహేనేళ్లలోపు పిల్లల్ని పైకి వదల్లేదు. కంచె సంగతి మాత్రం ఫైళ్లలోకి వెళ్లింది.

శేషాచలం మహిమ, ఎర్రచందనం కథ తిరుపతిలో అందరికీ తెలిసినవే. మెట్లదారి సాగే ఈ శేషాచలం అడవిని 1985లో అభయారణ్యం చేశారు. అసలు మలుపు 1989లో వచ్చింది. సుమారు 353 చదరపు కిలోమీటర్లను శ్రీవేంకటేశ్వర నేషనల్ పార్క్ అన్నారు. చూడటానికి పేరు మారినట్టే ఉంటుంది, చట్టంలో మాత్రం చాలా తేడా. 1972 నాటి వన్యప్రాణి సంరక్షణ చట్టం కింద అభయారణ్యంలో పశువుల మేతను అధికారి నియంత్రించవచ్చు, అంటే కొంత వీలుంటుంది. నేషనల్ పార్క్‌లో మేత పూర్తిగా బంద్. అనుమతి ఉన్న మనిషి వాహనంగా వాడుకునే పశువు మాత్రం లోపలికి వెళ్లొచ్చట! మేకకు ఆ యోగం లేదు.

అటవీ శాఖ వాదన ఒక్క మాటలో చెప్పొచ్చు: అడవి మిగలాలంటే మేత ఆగాలి. అందులో నిజం లేకపోలేదు. కొండ కింద పల్లెల వైపు నుంచి చూస్తే కథ వేరు. హక్కులేమైనా ఉంటే ప్రకటన వెలువడిన రెండు నెలల్లోగా, నిర్ణీత ఫారంలో, కలెక్టరుకు రాసివ్వాలని చట్టం చెబుతుంది. మేకలు తోలుకునే మనిషి, తేనె తీసే యానాది ఏ ఫారం తెస్తారు, ఎవరితో రాయిస్తారు? తాతల నాటి నుంచి నడిచిన బాటకు పట్టా ఎక్కడుంటుంది? అలవాటుగా అడవిలోకి వెళ్లినవాడికి, దొంగతనంగా దూరినవాడికి చట్టం దృష్టిలో తేడా లేకుండా పోయింది.

ఇప్పుడు కంచె విషయంలో దేవస్థానానికి అడ్డొస్తున్నదీ ఆ చట్టమే. పార్కులో వన్యప్రాణుల ఆవాసాన్ని కదిలించే ఏ పనికైనా పర్మిట్ కావాలి. జాతీయ వన్యప్రాణి మండలిని సంప్రదించి, ఆ పని వన్యప్రాణుల మేలుకేనని రాష్ట్ర ప్రభుత్వం తేల్చనిదే ఆ పర్మిట్ రాదు. కంచె మనుషుల కోసం. చిరుతకు దానివల్ల మేలని కాగితం మీద రాయాలి.

అయితే దేవస్థానానికి రెండు నెలల గడువేమీ లేదు. ఎన్నిసార్లయినా అడగొచ్చు.