నెమ్మదిగా తొక్కు, వేగంగా పడు

మూకీ సినిమాలో మనిషి సైకిల్ మీంచి పడితే ఇప్పటికీ నవ్వొస్తుంది. ఆ నవ్వులో నటుడికెంత వాటా ఉందో, కెమెరా పిడి తిప్పినవాడికీ అంతే ఉంది.

అప్పటి కెమెరాలు ఎక్కువగా చేత్తో తిప్పేవే. పిడి ఒక చుట్టు తిరిగితే 8 ఫ్రేములు, అంటే 8 విడి బొమ్మలు; సెకనుకు రెండు చుట్లయితే 16. అలా తీసినదాన్ని 24 ఫ్రేముల వేగంతో ఆడిస్తే కదలిక ఒకటిన్నర రెట్లవుతుంది. పడటం మాత్రం అంతకంటే ఎక్కువ మారుతుంది, ఎందుకంటే త్వరణం ఆ అంకె వర్గంతో, అంటే 2.25 రెట్లు పెరుగుతుంది. మీటరు ఎత్తు నుంచి పడటానికి నిజంగా 0.45 సెకను కావాలి. తెర మీద 0.30 సెకనులోనే నేల తగులుతుంది. భూమి ఆకర్షణ రెట్టింపు దాటిన చోట పడ్డట్టు ఉంటుంది.

ఇక సైకిల్ సంగతి. 2007లో ప్రచురించిన ఒక ప్రామాణిక గణిత నమూనా ప్రకారం, గంటకు సుమారు 15 నుంచి 22 కిలోమీటర్ల మధ్య సైకిల్ హ్యాండిల్ వదిలేసినా తనంతట తానే నిలబడుతుంది. అంతకంటే నెమ్మదిస్తే అటూ ఇటూ ఊగుతుంది, ఊగేకొద్దీ ఊపు పెరుగుతుంది. ఎటు ఒరిగితే అటే హ్యాండిల్ తిప్పి చక్రాన్ని ఒంటి బరువు కిందికి తేవాలి. వేగం సగమైతే అదే ఫలితానికి నాలుగు రెట్లు తిప్పాలి. మోకాళ్లు విచ్చుకోవడం, మోచేతులు ఎగరడం, ముందు చక్రం పాములా మెలికలు తిరగడం అన్నీ అక్కడివే.

నా దృష్టిలో అసలు కిటుకు ఇది: నటుడు 12 కిలోమీటర్ల వేగంతో, ఊగే దశలోనే తొక్కుతాడు. తెర మీద అది 18గా కనిపిస్తుంది. ఆ వేగంలో సైకిల్ నిటారుగా పోవాలని తొక్కడం వచ్చిన ప్రతివాడి ఒంటికీ తెలుసు. అయినా అది తూలుతుంది. నవ్వు పుట్టేది ఆ పొంతన లేనితనంలోనే.

పిడిని ఇంకా తగ్గించి 12 ఫ్రేములకు తెస్తే హుషారు పెరుగుతుంది కానీ ఒక్కో ఫ్రేముకు వెలుగు ఎక్కువసేపు తగులుతుంది. బొమ్మ తెల్లబోతుంది, చువ్వలు అలుక్కుపోతాయి. లెన్సు రంధ్రం తగ్గిస్తే మొదటిది సర్దుకుంటుంది, రెండోది సర్దుకోదు. షాట్ మధ్యలో చెయ్యి తడబడితే వెలుగూ వేగమూ కలిసి మారి, పడటం అబద్ధంలా కనిపిస్తుంది.

మూకీ హాస్యనటుడు బస్టర్ కీటన్ 1923లో ‘అవర్ హాస్పిటాలిటీ’లో పెడళ్లు లేని తొలినాటి బండెక్కాడు. 1817లో కార్ల్ ఫాన్ డ్రైస్ చేసిన యంత్రం వంటిది అది, కాళ్లతో నేలను తన్నుతూ పోవాలి. పాదాలు నేలకు అందుతాయి కాబట్టి తూలి పడే ప్రమాదం తక్కువ. అందుకే అక్కడి హాస్యం పడటంలో లేదు, కీటన్ మొహంలోని గాంభీర్యంలో ఉంది.