రేవు మెట్లు మునిగిన కథ

అమలాపురం

చిరంజీవులకు ఆశీస్సులు.

టీవీలో వచ్చే పిల్లల బొమ్మల కథలు రాయడం ఎలాంటి ఉద్యోగమని మీరు వేసవి సెలవుల్లో అడిగారు. అప్పుడు కొబ్బరి దింపుల హడావిడిలో సరిగా చెప్పలేకపోయాను కనుక ఇప్పుడు తీరికగా రాస్తున్నాను.

రచయిత అంటే మాటలు రాసేవాడని మీరు అనుకుంటున్నారు, కానీ మా పనిలో మాటలు చివరికి వస్తాయి. మొదట కథ మొత్తం ఒకటి రెండు వాక్యాల్లో చెప్పి ఒప్పించాలి, తరువాత దాన్ని రెండు పేజీలకు పెంచాలి, ఆ పైన స్క్రిప్టు రాయాలి. దాన్ని బట్టి స్టోరీబోర్డు చిత్రకారులు ఒక్కొక్క షాటునూ గళ్లలో గీస్తారు. అరగంట కార్యక్రమంలో ప్రకటనలు పోను మిగిలే 22 నిమిషాల్లో సాధారణంగా 11 నిమిషాల కథలు రెండు పడతాయి. మన టీవీలో సెకనుకు 25 ఫ్రేములు (ఒక్కో నిశ్చల చిత్రం ఒక ఫ్రేము) కనుక ఒక్కో కథకు 16,500 ఫ్రేములు కావాలి.

ఈ లెక్క తెలియక నా మొదటి స్క్రిప్టులో, "గోదావరికి వరద వచ్చింది, లంకలోని జనమంతా పశువులతో సహా పడవలెక్కారు" అని రాసి మురిసిపోయాను. డైరెక్టరు ఆ పేజీ నా ముందు పెట్టి, "ఈ జనాన్నంతా మీరే గీస్తారా?" అన్నారు. బొమ్మల్లో నీరూ, గుంపూ రెండూ శ్రమతో కూడినవే. రెండు రోజులు అలిగాను. తరువాత మా నాన్నగారు గుర్తొచ్చారు. ధవళేశ్వరం దగ్గర నీరు పెరుగుతోందని తెలియగానే ఆయన మా రేవుకు వెళ్లి మెట్లు లెక్కపెట్టి వచ్చేవారు. అంతే, గుంపును తీసేసి ఒక పాపను పెట్టాను. పాప ఇత్తడి బిందెను అయిదో మెట్టు మీద పెట్టి సీతాకోకచిలుక వెంట పోతుంది. తిరిగి వచ్చేసరికి ఆ మెట్టు లేదు, బిందె తేలుతోంది. "అమ్మా, మన మెట్లు తగ్గిపోయాయి!" అన్నదొక్కటే మాట. ఈ పొదుపు మనకు కొత్తేమీ కాదు: తోలుబొమ్మలాటలో కేతిగాడూ బంగారక్కా కాసిని కీళ్లే కదిపినా, మిగిలిన ప్రాణమంతా గొంతు పోస్తుంది.

సీరియల్‌కు ముందే ఏర్పడిన నియమాలుంటాయి. వాటిని మార్చే హక్కు మనకు ఉండదు. హైదరాబాదులోని గ్రీన్ గోల్డ్ సంస్థ తీసిన ఛోటా భీమ్ 2008లో పోగో అనే పిల్లల ఛానల్లో మొదలైనప్పటి నుంచి లడ్డు తింటే భీముడికి బలం వస్తుందని మీ అందరికీ తెలుసు. లడ్డును మొదటి నిమిషంలోనే తినిపిస్తే మిగతా పది నిమిషాలు ఏం రాస్తారు? దాన్ని ఎంతసేపు అందకుండా ఉంచాలన్నదే రచయిత తెలివి.

డబ్బు సంగతి: నాకు ఎపిసోడుకింత అని ఇచ్చేవారు, పని లేని నెలలూ గడిచాయి. కాబట్టి చదువు మానేసి ఇందులోకి దూకవద్దు.

దసరాకు వచ్చేటప్పుడు ఒక పేజీ కథ రాసి తీసుకురండి. మాటలు ఉండకూడదు, మనుషులు ఇద్దరికి మించకూడదు. నీళ్లు తప్పనిసరైతే బిందెలోవి వాడుకోండి.

ఇట్లు,
మీ తాతయ్య