ఫౌండ్ ఫుటేజ్ కొలాజ్: పది సెకన్ల లెక్క ఏ చట్టంలోనూ లేదు

ఫౌండ్ ఫుటేజ్ కొలాజ్ అంటే పాత సినిమాల ముక్కలు కోసి, అతికించి కొత్త వీడియో కట్టడం.

అపోహ: పది సెకన్లలోపు ముక్క వాడితే కాపీరైట్ వర్తించదు.

వాస్తవం: ఎవరు పుట్టించారోగానీ, 1957 నాటి మన కాపీరైట్ చట్టంలో ఇలాంటి మాటే లేదు. సెక్షన్ 52 విమర్శ, సమీక్షల కోసం సముచితంగా వాడుకోనిస్తుంది తప్ప సెకన్లు లెక్కపెట్టదు. మీరు చూసుకోవాల్సింది విడుదలైన ఏడాది. ఆ మరుసటి జనవరి నుంచి 60 ఏళ్లు సినిమాకు రక్షణ. 1960లో వచ్చినదానికి 2020 డిసెంబరు 31తో గడువు తీరిపోయింది.

చేతులు కాలేది దీని తర్వాతే. బొమ్మ గడువు తీరింది కదా అని పాటనూ లాగేస్తారు. సాహిత్యానికి, బాణీకి లెక్క వేరు: కర్త పోయాక 60 ఏళ్లు. అందులో శ్రీశ్రీ పాట ఉందనుకోండి, ఆయన పోయింది 1983లో. ఆ పదాలు 2043 చివరిదాకా రక్షణలోనే ఉంటాయి. కాబట్టి బొమ్మ మాత్రమే తీసుకుని, శబ్దం మీరే కట్టుకోండి. రంగులద్దిన కొత్త వెర్షన్ జోలికి పోకండి, దానిపై కొత్తగా హక్కులు అడగొచ్చు; పాత నలుపు తెలుపు కాపీయే వెతకండి.

యూట్యూబ్‌లో క్లెయిమ్ పడగానే వీడియో తీసేయక్కర్లేదు. క్లెయిమ్ అంటే ఆ ముక్క తమదని హక్కుదారు చెప్పుకోవడం; స్ట్రైక్ అంటే వాళ్లు చట్టప్రకారం అడిగితే వీడియో తీసేసి చానల్‌పై వేసే మచ్చ. చానల్ పోయేది 90 రోజుల్లో మూడు స్ట్రైకులు పడితే. హక్కు మీవైపే ఉందని తేలితే డిస్ప్యూట్ (అభ్యంతరం) పెట్టండి, జవాబివ్వడానికి అవతలివాళ్లకు 30 రోజుల గడువు. అప్పుడు చూపడానికి ప్రతి ముక్కకూ మూలం, విడుదల ఏడాది, టైమ్‌కోడ్ (ముక్క ఏ నిమిషం, ఏ సెకనులో ఉందో) ఒక షీట్‌లో ఉండాలి. ఎడిటింగ్ అయ్యాక కూర్చుని రాద్దామంటే సగం దొరకవు.

అపోహ: ఏ ఫైలైనా టైమ్‌లైన్‌లో పడేస్తే సాఫ్ట్‌వేరే సర్దుకుంటుంది.

సర్దుకోదు. ఇంటర్‌లేస్డ్ ఫైలైతే (ప్రతి ఫ్రేమూ సరి, బేసి గీతలుగా రెండు సగాలై ఉండేది) ముందు డీఇంటర్‌లేస్, అంటే ఆ సగాలను పూర్తి ఫ్రేములుగా మార్చడం, ఆ తర్వాతే సైజు పెంచడం. వరస తప్పితే దువ్వెన పళ్లలాంటి గీతలు బొమ్మలో కలిసిపోతాయి, ఇక ఏ ఫిల్టరూ విడదీయలేదు. అమెరికా డీవీడీల్లో సెకనుకు 29.97 ఫ్రేముల కోసం పుల్‌డౌన్ చేసిన (అంటే ఫ్రేముల సగాలను మళ్లీ వాడి సంఖ్య పెంచిన) సినిమాలైతే ప్రతి ఐదు ఫ్రేముల్లో రెండు కలగలుపువి. వాటికి ఇన్వర్స్ టెలిసినీ (ఆ పుల్‌డౌన్‌ను వెనక్కి తిప్పడం) చేసి 23.976కు తేవాలి.

అపోహ: ప్రోరెస్‌లోకి (ఎడిటింగ్‌కు వాడే వీడియో ఫార్మాట్) మారిస్తే క్వాలిటీ పెరుగుతుంది. పెరగదు. కోయడం తేలికవుతుంది, ఫైలు లావెక్కుతుంది, అంతే.

అపోహ: 16 ఎంఎం ప్రింటును కోసి అతికిస్తే దాని శబ్దమూ వెంటే వస్తుంది. ఆప్టికల్ ట్రాక్‌లో (ఫిల్మ్ అంచున ముద్రించిన శబ్దపు పట్టీలో) శబ్దం బొమ్మకన్నా 26 ఫ్రేములు ముందుంటుంది. అతుకు దాటి కొత్త బొమ్మ పడ్డాక కూడా సెకనుకు పైగా పాత ముక్క మాటలే వినిపిస్తాయి. అది వద్దనుకుంటే స్కాన్ చేయించి, బొమ్మను, శబ్దాన్ని విడివిడిగా కోసుకోవాలి.