డిఫెండర్ అంటే ఎవరు? సారా గామా క్రీడాజీవితం వెలుగులో కొన్ని అపోహలు - వాస్తవాలు

బాలికలకు ఫుట్‌బాల్ నేర్పే కోచ్‌గా నేను ఎక్కువ శ్రద్ధ పెట్టేది రక్షణ విభాగం మీద. మైదానానికి వచ్చే అమ్మాయిల్లో దాదాపు అందరూ ఫార్వర్డ్‌గానే ఆడాలనుకుంటారు. నిజామాబాద్ నుంచి ఎదిగి భారత జట్టుకూ, క్రొయేషియాలోని డినామో జాగ్రెబ్ క్లబ్‌కూ ఆడిన గుగులోత్ సౌమ్య దాడి విభాగపు క్రీడాకారిణి కాబట్టి ఆ కోరిక సహజమే. కానీ వెనుక వరుసలో ఆడమన్నప్పుడు పిల్లలూ, వారి తల్లిదండ్రులూ దాన్ని చిన్నచూపుగా తీసుకోవడం నన్ను బాధిస్తుంది. అలాంటప్పుడు నేను ఇటలీ మహిళల జట్టుకు చాలాకాలం కెప్టెన్‌గా ఉన్న సెంటర్ బ్యాక్ (రక్షణ వరుస మధ్యలో ఆడే డిఫెండర్) సారా గామా గురించి చెబుతాను.

అపోహ: ముందు ఆడే నైపుణ్యం లేనివారినే వెనుక నిలబెడతారు. వారి పని బంతిని దూరంగా తన్నేయడమే.

వాస్తవం: ఈ అపోహకు జవాబు కావాలంటే 2019 జూన్ 9న ఫ్రాన్స్‌లోని వాలెన్సియెన్‌లో ఇటలీ, ఆస్ట్రేలియా ఆడిన ప్రపంచ కప్ మ్యాచ్‌ను డిఫెండర్ల వైపు నుంచి చూడాలి. ఇటలీ మహిళలు 20 ఏళ్ల తర్వాత ప్రపంచ కప్‌లో ఆడిన తొలి మ్యాచ్ అది. ఆస్ట్రేలియా ఫార్వర్డ్ సామ్ కెర్ వేగం అందరికీ తెలిసిందే. మొదటి అర్ధభాగంలో పెనాల్టీ ప్రాంతంలో కెర్‌ను గామా పడగొట్టడంతో రెఫరీ పెనాల్టీ ఇచ్చారు. గోల్‌కీపర్ లౌరా జూలియాని ఆ షాట్‌ను ఆపగలిగినా, తిరిగి వచ్చిన బంతిని కెర్ గోల్‌లోకి పంపింది. తన తప్పు వల్ల జట్టు వెనకబడిన ఆ క్షణం నుంచి కెప్టెన్ ఇంకా గంటకు పైగా అదే ఫార్వర్డ్‌ను ఎదుర్కోవాలి. భయపడిన డిఫెండర్ సాధారణంగా రెండడుగులు వెనక్కి జరిగి ఆడుతుంది. ఆమె జరిగితే మొత్తం వరుస జరుగుతుంది, మధ్యలో ఖాళీ ఏర్పడుతుంది, ఆ ఖాళీలో ఎదుటి జట్టు మిడ్‌ఫీల్డర్లు తీరిగ్గా ఆడతారు. ఆ రోజు ఇటలీ అలా కుంగిపోలేదు. గామా, ఎలెనా లినారి జంట నిలబడింది. జట్టు ముందుకు వెళ్లి ఆడుతూనే ఉంది, ఇటలీ వేసిన గోల్స్ ఆఫ్‌సైడ్ (బంతి అందే క్షణానికి ఎదుటి డిఫెండర్లను దాటి ముందే నిలబడడం) కారణంగా రద్దయినా ఆ ధోరణి మారలేదు. చివరికి బార్బరా బొనన్సేయా రెండు గోల్స్‌తో ఇటలీ 2-1 తేడాతో గెలిచింది. రెండవది 90 నిమిషాల తర్వాత కలిపిన అదనపు సమయం ఐదవ నిమిషంలో ఫ్రీకిక్‌కు తల తగిలించి చేసిన గోల్.

మొదటి గోల్ ఎలా వచ్చిందో కూడా గమనించాలి. ఆస్ట్రేలియా డిఫెండర్ ఒకరు వెనుక నుంచి ఆటను నిర్మించబోయి బంతిని పోగొట్టుకోగా, దాన్ని బొనన్సేయా అందుకుంది. నేటి ఆటలో డిఫెండర్ పాదాల దగ్గరే దాడి మొదలవుతుంది. బంతి రాకముందే రెండు భుజాల మీదుగా వెనక్కి చూసుకోవడం, మైదానం రెండు వైపులా కనిపించేలా శరీరాన్ని తెరిచి నిలబడడం, ఎదుటివారిని తొందరపడి ట్యాకిల్ చేయకుండా (కాలు చాచి బంతి లాక్కోకుండా) పక్క గీత వైపు నెట్టుకుపోతూ తోటివారు వచ్చేవరకు సమయం సంపాదించడం అనే మూడు అలవాట్లను నేను అన్నిటికంటే ముందు నేర్పిస్తాను. మంచి డిఫెండర్ నేలమీద జారుతూ ట్యాకిల్ చేయవలసి వచ్చిందంటే, చాలాసార్లు అంతకుముందు నిలబడిన చోటు తప్పని నా అభిప్రాయం.

అపోహ: సెంటర్ బ్యాక్ తప్పకుండా పొడగరి అయి ఉండాలి.

వాస్తవం: ఇందులో కొంత నిజం ఉంది కాబట్టి దీన్ని పూర్తిగా కొట్టిపారేయలేను. అదే ప్రపంచ కప్ క్వార్టర్ ఫైనల్‌లో నెదర్లాండ్స్ ఇటలీని 2-0తో ఓడించింది. ఆ రెండు గోల్సూ షెరీడా స్పిట్సె కొట్టిన ఫ్రీకిక్‌ల నుంచి తలతో చేసినవే. గాలిలో బంతి విషయంలో ఎత్తు ఉపయోగపడుతుంది. అయితే గామా పెద్ద పొడగరి కాదు. ఆమె పరుగు వేగం, ఆటను ముందుగా పసిగట్టే తెలివి ఆమెను రక్షణ వరుస అంచున ఉండే ఫుల్ బ్యాక్ స్థానంలోనూ, మధ్యలోనూ ఆడించాయి. ఎత్తు చూసి పన్నెండేళ్ల అమ్మాయి స్థానాన్ని నిర్ణయించే కోచ్‌లతో నేను ఏకీభవించలేను.

అపోహ: గామా బయటి దేశం నుంచి వచ్చి ఇటలీ పౌరసత్వం తీసుకున్నారు.

వాస్తవం: ఆమె 1989 మార్చిలో ఇటలీలోని ట్రియెస్టె నగరంలో పుట్టారు. తల్లి ఇటలీ మహిళ, తండ్రి కాంగో దేశస్థుడు. చిన్నప్పుడు అబ్బాయిలతో కలిసి ఆడారు. 2008లో అండర్-19 యూరోపియన్ ఛాంపియన్‌షిప్ ఫైనల్‌లో నార్వేను ఓడించిన ఇటలీ జట్టుకు ఆమే కెప్టెన్.

అపోహ: ఐరోపాలో జాతీయ జట్టుకు ఆడే మహిళలు ఎప్పటినుంచో ధనవంతులైన వృత్తి క్రీడాకారిణులు.

వాస్తవం: నా దగ్గరకు వచ్చే తల్లిదండ్రులను అన్నిటికంటే ఆశ్చర్యపరిచే విషయం ఇదే. ఇటలీలో 1981 నాటి 91వ చట్టం ప్రకారం ఏ క్రీడ, ఏ స్థాయి వృత్తిపరమైనదో నిర్ణయించే అధికారం ఆయా క్రీడా సమాఖ్యలది. ఫుట్‌బాల్ సమాఖ్య మహిళల లీగ్‌కు ఆ హోదా ఇవ్వలేదు. అందువల్ల ఆ క్రీడాకారిణులు చట్టం దృష్టిలో అమెచ్యూర్లుగానే, అంటే వృత్తి హోదా లేనివారిగానే మిగిలారు. వారి ఏడాది వేతనానికి సుమారు 30,000 యూరోల పరిమితి ఉండేది. వృత్తి క్రీడాకారులకు దక్కే ఉద్యోగ ఒప్పందమూ, పింఛను రక్షణా వారికి లేవు. 2019 మార్చిలో జువెంటస్, ఫియోరెంటీనా క్లబ్‌ల మహిళల జట్ల మ్యాచ్‌ను ట్యూరిన్‌లో 39,000 మందికి పైగా చూశారు. ఆ రోజు మైదానంలో ఆడినవారు కూడా అమెచ్యూర్లే! ఈ స్థితి 2022 జూలై 1న మారింది, అప్పటినుంచి ఇటలీ అగ్రశ్రేణి మహిళల లీగ్ ‘సెరీ ఆ’ వృత్తిపరమైన లీగ్. అప్పటికి గామా వయసు 33. తవాన్యాకో, బ్రెషా, పారిస్ సెయింట్ జర్మెన్ జట్లకు ఆడి, 2017 నుంచి జువెంటస్ తరఫున వరుసగా ఐదు లీగ్ టైటిళ్లు గెలిచిన తర్వాతే ఆమెకు తన దేశంలో ఆ హోదా దక్కింది.

ఈ మార్పు దానంతటదే రాలేదు. గామా ఊదినె విశ్వవిద్యాలయంలో విదేశీ భాషలు చదివి పట్టా పొందారు. 2018లో క్రీడాకారుల ప్రతినిధిగా ఫుట్‌బాల్ సమాఖ్య కౌన్సిల్‌లో చేరారు. 2020లో ఫుట్‌బాల్ క్రీడాకారుల సంఘానికి ఉపాధ్యక్షురాలయ్యారు. 2019 ప్రపంచ కప్ తర్వాత ఇటలీ దేశాధ్యక్షుడు సెర్జియో మత్తరెల్లా సమక్షంలో మాట్లాడుతూ, పౌరులందరూ చట్టం ముందు సమానులని చెప్పే రాజ్యాంగం 3వ అధికరణాన్ని ఆమె గుర్తుచేశారు. ఆట మానిపించి చదివించాలా, చదువు మానిపించి ఆడించాలా అని సతమతమయ్యే తల్లిదండ్రులకు నేను ఈ సంగతులన్నీ వివరంగా చెబుతాను.

అపోహ: ఇటలీ మహిళల ఫుట్‌బాల్ 2019లోనే మొదలైంది.

వాస్తవం: అక్కడ మహిళల జాతీయ లీగ్ 1968లోనే మొదలైంది. 1970లో అనధికారిక మహిళల ప్రపంచ కప్ పోటీ ఇటలీలోనే జరిగింది. 1991లో తొలి అధికారిక ప్రపంచ కప్‌లో ఇటలీ క్వార్టర్ ఫైనల్ చేరింది, 1993లోనూ 1997లోనూ యూరో (యూరోపియన్ ఛాంపియన్‌షిప్) ఫైనల్ ఆడింది. 2019 జట్టు పాత బాటనే మళ్లీ పట్టింది.

అపోహ: పెద్ద పోటీకి ఎంపిక కాకపోతే డిఫెండర్ పని అయిపోయినట్టే.

వాస్తవం: 2023 ప్రపంచ కప్ జట్టులోకి కోచ్ మిలేనా బెర్తొలీని గామాను తీసుకోలేదు. అంతకాలం కెప్టెన్‌గా ఉన్న వ్యక్తికి అది తేలికైన విషయం కాదు. అయినా ఆమె జువెంటస్‌తో కొనసాగారు. 2024 ఫిబ్రవరిలో ఫ్లోరెన్స్‌లో ఐర్లాండ్‌తో జరిగిన స్నేహపూర్వక మ్యాచ్‌తో, మొత్తం 140 అంతర్జాతీయ మ్యాచ్‌లు పూర్తి చేసుకుని, జాతీయ జట్టుకు వీడ్కోలు పలికారు.